పిడిలో పది సెకన్లు: కాలాన్ని వెనక్కి తిప్పే బాకు తయారీ డైరీ

1వ రోజు

చేయబోయేది ‘డాగర్ ఆఫ్ టైమ్’. యూబీసాఫ్ట్ మాంట్రియల్ స్టూడియో 2003లో తెచ్చిన ‘ప్రిన్స్ ఆఫ్ పర్షియా: ది శాండ్స్ ఆఫ్ టైమ్’ ఆటలో రాకుమారుడి చేతిలో ఉండే బాకు అది. పిడి నిండా మెరిసే ఇసక ఉంటుంది. గోడ మీద పరిగెత్తబోయి జారి లోయలో పడ్డామనుకోండి. బటన్ నొక్కి పట్టుకుంటే జరిగిందంతా వెనక్కి నడుస్తుంది. పడినవాడు గాల్లోకి లేచి, గోడ మీదికి, అక్కణ్ణుంచి గట్టు మీదికి వచ్చి నిలబడతాడు. పది సెకన్ల దాకా అలా వెనక్కి పోవచ్చు. తిప్పిన ప్రతిసారీ కొంత ఇసక ఖర్చు.

అన్నయ్యా నేనూ ఈ ఆటని ఒకే కీబోర్డు మీద ఆడాం. పరుగులు, గెంతులు నావి. వెనక్కి తిప్పే బటన్ అన్నయ్యది. నేను ఎక్కడ జారతానో నాకన్నా ముందే కనిపెట్టి వేలు సిద్ధంగా పెట్టుకునేవాడు.

ఈ బాకు నమూనాలు చాలామంది చేశారు. నేను చూసినవన్నీ దాదాపు ఒకటే పద్ధతి: పిడిలో పారదర్శకమైన రెసిన్ పోసి, లోపల పసుపు దీపం పెడతారు. అందంగానే ఉంటాయి, పనితనానికి దండం పెట్టాలి. కానీ ఇసక కదలదు. ఇసక కదలనిదే అది ఆ బాకు ఎలా అవుతుంది?

నాకు రెండు కావాలి. బటన్ నొక్కితే ఇసక నిజంగా తగ్గాలి, అయిపోయాక బాకు పనిచేయకూడదు. రెండోది, వెనక్కి నడిచేది ఎవరో ముందే రాసిపెట్టిన వెలుగుల వరస కాకూడదు. పట్టుకున్న మనిషి గడిచిన పది సెకన్లలో దాన్ని ఎలా ఊపాడో అదే తిరిగి రావాలి.

3వ రోజు

బ్లేడు గురించి ఎక్కువ రాయను. పీవీసీ ఫోమ్ షీటు, మధ్యలో బలానికి ఒక అల్యూమినియం పట్టీ, అంచులు మొద్దుగా గుండ్రంగా అరగదీసి వెండి రంగు. ఎవరికీ గీసుకోదు. ఒక్క సాయంత్రం పని.

పిడే అసలు పని. కాగితం మీద గీసుకున్నది ఇది: లోపలి వ్యాసం 16 మిల్లీమీటర్లు, పొడవు 70 మిల్లీమీటర్లు ఉన్న పారదర్శక గొట్టం. కింద, పిడి చివరి గుండులో, బయటికి కనపడని ఇంకో గది. రెండింటి మధ్య చిన్న రంధ్రం. బ్లేడు పైకి ఉండేలా పట్టుకుని బటన్ నొక్కితే ఇసక గొట్టంలోంచి గుండులోకి జారాలి. అంటే పిడే ఒక ఇసక గడియారం.

గీస్తుంటే ఒకటి తట్టింది. మరి ఇసక తిరిగి నింపడమెలా? బాకుని తలకిందులు చేసి, అంటే బ్లేడు నేలవైపు పెట్టి నొక్కాలి. ఆటలో రాకుమారుడు ఇసక సంపాదించేది కూడా అచ్చం అలాగే! కింద పడిన శత్రువులో బాకుని నిలువునా దించితేనే ఇసక పిడిలోకి చేరుతుంది. ఆ భంగిమ నేను కోరి పెట్టింది కాదు, గురుత్వాకర్షణే పెట్టించింది. పెన్సిల్ పక్కన పెట్టి కాసేపు ఆ బొమ్మనే చూస్తూ కూర్చున్నాను.

5వ రోజు

ఇసక మొరాయించింది. మామూలు ఇసకని కడిగి, ఆరబెట్టి, జల్లెడ పట్టి, 2 మిల్లీమీటర్ల రంధ్రం మీద పోశాను. నాలుగు గింజలు రాలి ఆగిపోయింది. వేలితో తడితే మళ్ళీ నాలుగు గింజలు.

భూతద్దంలో చూస్తే కారణం కనబడింది. రంధ్రం నోటి దగ్గర మూడు నాలుగు గింజలు ఒకదానికొకటి భుజం ఆనించుకుని చిన్న కమాను కట్టేశాయి. పైన ఉన్న బరువంతా ఆ కమాను మీదే. మూలలున్న గింజలు ఇలాగే పట్టు దొరకబుచ్చుకుంటాయి. జల్లెడ పట్టినా కొన్ని గింజలు అర మిల్లీమీటరు పైనే ఉన్నాయి. రంధ్రం గింజకి కనీసం ఐదారు రెట్లు ఉండాలి, నాది నాలుగు రెట్లు కూడా లేదు.

పూర్వం ఇసక గడియారాలు చేసినవాళ్ళు కూడా చాలాసార్లు ఇసక జోలికి పోలేదు. పాలరాతి పొడి, కోడిగుడ్డు పెంకుల పొడి, తగరపు, సీసపు ఆక్సైడ్లు వాడారు. నేను గాజు పూసలకి మారుతున్నాను. లోహపు భాగాల మీద కొట్టి శుభ్రం చేయడానికి వాడే సన్నటి గాజు గుళికలు, పావు మిల్లీమీటరువి. తెల్లగా ఉంటాయి కాబట్టి వెలుగు ఏ రంగైతే అవీ ఆ రంగే.

8వ రోజు

గాజు పూసలు నీళ్ళలా జారుతున్నాయి! రంధ్రం 2.5 మిల్లీమీటర్లు చేశాను. గొట్టం ఖాళీ కావడానికి 36 సెకన్లు. మూడుసార్లు కొలిచినా అర సెకను తేడా లేదు.

గొట్టం నిండుగా ఉన్నా, అడుగంటుతున్నా ఇసక ఒకే వేగంతో కారుతుంది. నీళ్ళ కుండకి చిల్లి పెడితే మట్టం తగ్గేకొద్దీ ధార నెమ్మదిస్తుంది. గింజల బరువు మాత్రం చాలావరకు గొట్టం గోడలే మోస్తాయి, కాబట్టి పైన ఎంత ఉందన్నది కింద రంధ్రానికి తెలియదు. యాన్సెన్ అనే జర్మన్ ఇంజనీరు 1895లో ధాన్యం గాదెల విషయంలో ఇది రాశాడు. ఇసకతో కాలాన్ని కొలవగలిగేది ఈ గుణం వల్లనే.

నాకు 36 సెకన్లు చాలవు. పదేసి సెకన్లు, నాలుగు విడతలు, మొత్తం 40 కావాలి. 1961లో బెవర్లూ, ఆయన సహచరులు ఇచ్చిన సూత్రం ఉంది: రంధ్రం వ్యాసంలోంచి గింజ సైజుకి సుమారు ఒకటిన్నర రెట్లు తీసేసి, మిగిలినదాన్ని రెండున్నర ఘాతానికి ఎత్తితే ప్రవాహం ఆ నిష్పత్తిలో ఉంటుంది. లెక్క వేస్తే ఒక్క పదోవంతు మిల్లీమీటరు తగ్గిస్తే చాలంది. 2.4 డ్రిల్ బిట్‌తో కొత్త మూత చేశాను. 40 సెకన్లు, ఆ మీద ఒక చిటిక. లెక్క కాగితం మీంచి వచ్చి చేతిలో నిలబడింది. సంతోషం పట్టలేక అప్పటికప్పుడే అన్నయ్యకి ఫోన్ చేశాను.

“నలభై సెకన్లు అన్నయ్యా! సరిగ్గా నాలుగు విడతలు!”

“మరి ఐదోసారి పడితే?”

“చచ్చినట్టే.”

“అలాగే ఉండాలి. ఊరికే వచ్చేదానికి విలువేముందిరా.”

9వ రోజు

నిన్నటి సంతోషం మూతలు బిగించేదాకానే. నిన్న కొలిచింది తెరిచిన గొట్టంతో. రెండు గదులూ గాలి చొరకుండా మూసేసరికి ఇసక ధార తెగి తెగి పడుతోంది. ఒక ముద్ద, చిన్న ఆగుడు, మళ్ళీ ముద్ద. కింద గదిలోకి ఇసక దిగాలంటే అక్కడి గాలి బయటికి పోవాలి. దానికున్న దారి ఆ 2.4 మిల్లీమీటర్ల రంధ్రమే. ఇరుకు సందులో ఎదురెదురుగా వచ్చినవాళ్ళలా ఒకరు ఆగితేగాని ఇంకొకరు కదలలేకపోతున్నారు.

గాలికి వేరే దారి ఇచ్చాను. పక్కనుంచి సన్నటి లోహపు గొట్టం, రెండు చివరలా పూసలు దూరని సన్నటి జాలీ. ధార మళ్ళీ దారంలా సాఫీగా పడింది.

12వ రోజు

తలుపు సంగతి. బటన్ నొక్కినప్పుడే ఇసక పడాలి, వదిలితే ఆగాలి. మొదట రబ్బరు బిరడా పెట్టాను. రెండు నొక్కులు బాగానే పనిచేసి, మూడోసారి బిరడాకీ దాని గూటికీ మధ్య పూస ఇరుక్కుంది. ఆ సందులోంచి ఇసక కారుతూనే ఉంది. కాలం లీకవుతున్న బాకు ఎవరికి కావాలి.

చివరికి గింజలకి తలుపు పెట్టడం మానేసి, దారినే నొక్కేశాను. రంధ్రం కింద 5 మిల్లీమీటర్ల మెత్తటి సిలికాన్ గొట్టం, దాన్ని పక్కనుంచి స్ప్రింగుతో చప్పిడిగా అదిమిపెట్టే చిన్న నోరు. బటన్ నొక్కితే నోరు తెరుచుకుంటుంది. మధ్యలో పూసలున్నా మెత్తటి గొట్టం వాటి చుట్టూ సర్దుకుని మూసుకుంటుంది. ప్రవాహాన్ని కొలిచేది పైనున్న రంధ్రమే కాబట్టి 40 సెకన్లకి ఢోకా లేదు. అదే బటన్ కింద మైక్రోస్విచ్ పెట్టాను. ఒకే బొటనవేలు ఇసకనీ, లోపల పెట్టబోయే చిన్న కంప్యూటర్ బోర్డునీ ఒకేసారి లేపుతుంది.

యాక్రిలిక్ గొట్టం లోపలి గోడకి పూసలు స్థిర విద్యుత్తుతో అతుక్కుంటున్నాయి. గాజు గొట్టానికి మారిపోయాను. పూసల్ని కూడా వేడి చేసి తేమ పోగొట్టి, చల్లారగానే నింపి మూసేశాను.

15వ రోజు

పని చేయలేదు. ఊరికే కూర్చుని ఆలోచించాను.

ఇసక గడియారం బొమ్మల్లో మనకి తెలిసినంతలో పాతది సియెనా నగరంలో లొరెంజెట్టి 1338లో వేసిన కుడ్యచిత్రంలో ఉంది. పాత పర్షియాలో, మన దగ్గరా కాలాన్ని కొలిచింది నీళ్ళతో. చిన్న చిల్లి ఉన్న గిన్నెని నీళ్ళ మీద వదిలితే అది నిండి మునిగే సమయమే కొలత. ‘గడియ’ అలా వచ్చిందే, 24 నిమిషాలు. అందులో అరవయ్యోవంతు విగడియ, 24 సెకన్లు. రాకుమారుడికి దక్కే పది సెకన్లు అర విగడియ కూడా కాదు. అయినా ఆ ఆట ఆడినవాళ్ళకి తెలుసు, అదెంత పెద్ద సమయమో.

‘ప్రిన్స్ ఆఫ్ పర్షియా’ పరంపరలో జోర్డన్ మెక్నర్ 1989లో చేసిన మొదటి ఆటలో కాలం వెనక్కి పోయేదే కాదు. రాకుమారిని విడిపించడానికి 60 నిమిషాలు, అంతే. ఆమె గదిలో ఇసక గడియారం కారుతూనే ఉండేది. పధ్నాలుగేళ్ళ తర్వాత అదే ఇసకని తీసుకొచ్చి ఆడేవాడి చేతిలో పెట్టారు. ఇంత అందమైన మలుపు ఆటల చరిత్రలో అరుదని నా నమ్మకం.

ఇంకొకటి కూడా ఎప్పణ్ణుంచో చెప్పాలని ఉంది. ‘శాండ్స్ ఆఫ్ టైమ్’ ఆటలో ఫరా ఒక మహారాజు కూతురు. చిన్నప్పుడు భయమేస్తే తలచుకొమ్మని తల్లి నేర్పిన రహస్యపు మాట ఒకటి రాకుమారుడికి చెబుతుంది: ‘కాకోలూకియా’. మొదటిసారి విన్నప్పుడే ఉలిక్కిపడ్డాను. పంచతంత్రంలో మూడో తంత్రం పేరు కాకోలూకీయం. కాకులు, గుడ్లగూబల కథ! చివర్లో కాలమంతా వెనక్కి పోయి ఫరాకి రాకుమారుడెవరో గుర్తుండదు. పేరడిగితే అతను ఆ మాటే చెబుతాడు. జరగకుండా పోయిన రోజుల్లో ఆమే చెప్పిన మాట. గుర్తున్నది అతనొక్కడికే.

19వ రోజు

ఇప్పుడు జ్ఞాపకం. పిడిలో ఆర్డుయినో నానో అనే చిన్న కంప్యూటర్ బోర్డు, కదలికని పట్టే ఎంపీయూ-6050 సెన్సర్, గాజు గొట్టం వెనక 10 ఎల్ఈడీలు. మీటరుకి 144 దీపాలుండే పట్టీలోంచి పది కత్తిరిస్తే దాదాపు 70 మిల్లీమీటర్లు వచ్చింది. గొట్టం పొడవే!

సెకనుకి 50 సార్లు కదలిక నమోదు చేయాలి. పది సెకన్లకి 500 నమోదులు. సెన్సర్ ఇచ్చే ఆరు సంఖ్యలూ దాచుకుంటే ఒక్కో నమోదుకి 12 బైట్లు, మొత్తం 6000. ఈ బోర్డు గుండెకాయ ఏటీమెగా328పీలో ఉన్న ర్యామ్ 2048 బైట్లే. పెద్ద బోర్డుకి మారిపోవచ్చు. కానీ ఇంతకీ ఏం గుర్తుపెట్టుకోవాలి అని అడుక్కుంటే రెండే చాలనిపించింది: ఎంత జోరుగా కదిలింది, ఎంత వాలింది. ఒక్కో బైటు. మొత్తం 1000. హాయిగా పట్టింది. జోరు వెలుగు తీవ్రతగా, వాలు వెలుగుచుక్క ఉండే చోటుగా మారతాయి.

సెన్సర్ మామూలుగా సెకనుకి 250 డిగ్రీల తిరుగుడు దాకానే కొలుస్తుంది. చేతి విసురు దాన్ని అవలీలగా దాటేస్తుంది. 2000కి పెంచాక గానీ విసురుకీ విసురుకీ తేడా కనబడలేదు.

22వ రోజు

ఈ 500 నమోదులు గానుగెద్దు దారిలాంటివి. రాసే చెయ్యి గుండ్రంగా తిరుగుతూ పోతుంది. ఐదువందలోది రాశాక మళ్ళీ మొదటిదాని మీదే రాస్తుంది. ఎప్పుడు చూసినా ఆఖరి పది సెకన్లే ఉంటాయి. వెనక్కి తిప్పడమంటే అదే దారిలో ఎదురు నడవడం.

రాత్రి పదకొండింటికి మొదటిసారి నడిపాను. బాకు ఊపాను, నొక్కాను. వెలుగు వెనక్కి వచ్చింది. వస్తూ వస్తూ మధ్యలో చెదిరి, అర్థం లేని మిణుకుమిణుకులైపోయింది. వెనక్కి చదువుతున్నప్పుడు కూడా రాసే చెయ్యి ఆగలేదు. బాకు తన గతాన్ని చదువుకుంటూనే దాని మీద కొత్తది రాసేసుకుంటోంది. చదివేటప్పుడు రాయకుండా ఆపాను. ఆ తప్పు చిన్నదే.

అసలైన తప్పు ఆ తర్వాత దొరికింది. మూడు సెకన్లు వెనక్కి తిప్పి బటన్ వదిలాను. మళ్ళీ కాసేపు ఊపి, మళ్ళీ నొక్కాను. కొత్త కదలికలు వెనక్కి వచ్చాయి, వాటి వెంటే ఇందాక నేను రద్దుచేసిన మూడు సెకన్లు కూడా వచ్చాయి! రాసే చెయ్యిని ఉన్నచోటే వదిలేశాను, అందుకని. కంప్యూటర్ దృష్టిలో తప్పేమీ లేదు, అవీ నమోదులే. కానీ ఆ బాకు ధర్మం ప్రకారం అది పెద్ద తప్పు. రద్దయిన కాలం ఇక లేదు. రాకుమారుడు ఏ క్షణం దగ్గర ఆగితే కథ అక్కణ్ణుంచే సాగాలి.

మార్చింది ఒక్క వరస. బటన్ వదిలినప్పుడు, చదివే చెయ్యి ఎక్కడ ఆగిందో రాసే చెయ్యి అక్కడికి వచ్చేయాలి, మిగిలిన నమోదుల లెక్క కూడా అంత తగ్గాలి. అంతే. రద్దయిన మూడు సెకన్లు ఇక బాకుకి తెలియవు. వాటిలో నేను బాకుని ఎడమకి విసిరానని నాకు గుర్తుంది. బాకుకి లేదు. ఫరా సంగతి గుర్తొచ్చి, దీపం ఆర్పకుండానే చాలాసేపు అలా ఉండిపోయాను.

26వ రోజు

ఇసక తగ్గేకొద్దీ పైన ఖాళీ అయిన చోట ఎల్ఈడీలు బోసిగా కంట్లో గుచ్చుతున్నాయి. 40 సెకన్లకి 10 దీపాలు, అంటే ఇసక కారిన ప్రతి 4 సెకన్లకి పైనుంచి ఒకటి ఆగిపోవాలి. బాకు నిలువుగా ఉందా, పడుకుని ఉందా, తలకిందులుగా ఉందా అన్నది సెన్సర్‌కి తెలుసు కాబట్టి, కారినదీ నిండినదీ బోర్డే లెక్కపెట్టుకుంటుంది. పడుకోబెట్టి నొక్కితే ఇసక కదలదు, వెలుగూ కదలదు.

ఇవాళ చీకట్లో చూసింది రాసి తీరాలి. నొక్కినప్పుడు ఇసక కిందికి పోతోంది. వెనక్కి నడిచే వెలుగుచుక్క కింద నుంచి పైకి పాకుతోంది. పూసలు వెలుగుని చెదరగొట్టి తమలో కలుపుకుంటాయి కదా, ఒకటి రెండు సెకన్లు కన్ను మోసపోయి ఇసకే పైకి లేస్తున్నట్టు చూస్తుంది. ఇసకని పైకి పంపడానికి మోటార్లు, గాలి పంపులు అన్నీ ఆలోచించి వదిలేశాను. ఆ పని కన్నే చేసిపెట్టింది.

31వ రోజు

అన్నయ్య వచ్చాడు.

బాకు చేతికిచ్చాను. ఏమీ చెప్పలేదు. బరువు చూసుకుని, నెమ్మదిగా ఒక చుట్టు తిప్పి, ఉన్నట్టుండి మణికట్టు విసిరాడు. పిడిలో వెలుగు భగ్గుమని బ్లేడు వైపు పరిగెత్తి చల్లారింది. బ్లేడు పైకెత్తి నొక్కాడు. ముందు ఆ భగ్గుమన్నది వెనక్కి లాక్కున్నట్టు వచ్చింది, తర్వాత నెమ్మదిగా తిప్పిన చుట్టు. ఇసక సన్నగా గలగలమంది. అన్నయ్య బటన్ వదల్లేదు. పది సెకన్లయ్యి వెలుగు ఆగాక వదిలాడు.

నాలుగుసార్లు ఇసక ఖర్చుపెట్టాడు. ఐదోసారి బాకు చీకటిగా ఉండిపోయింది. నేను నోరు తెరిచి చెప్పేలోపే దాన్ని తిరగేసి, బ్లేడు కొస బల్ల మీద ఆనించి నొక్కి పట్టుకున్నాడు. ఎవరూ చెప్పక్కర్లేదు, ఆ ఆట ఆడిన చెయ్యి. నలభై సెకన్లపాటు ఇద్దరం మాట్లాడకుండా ఇసక నిండడం చూశాం.

“బాగుందిరా. కానీ బటన్ ఇక్కడ ఉండకూడదు.”

“మరి?”

“నా దగ్గర ఉండాలి. నువ్వు ఊపు, నేను నొక్కుతా.”

32వ రోజు

రెండో బటన్ కోసం లెక్కలు. దూరం నుంచి నొక్కాలంటే సిలికాన్ గొట్టాన్ని తెరవడానికి బొటనవేలు బదులు చిన్న సర్వో మోటారు కావాలి. ఎస్‌జీ90 బరువు 9 గ్రాములే, గుండులో పడుతుందో లేదో విప్పి కొలవాలి. వైర్‌లెస్‌కి ఎన్ఆర్ఎఫ్24ఎల్01 అనే రేడియో బిళ్ళలు రెండు కావాలి, ఒకటి బాకులో, ఒకటి అన్నయ్య చేతిలో. స్ప్రింగు బలం తగ్గించకపోతే సర్వో దాన్ని లాగలేదు, ముందు ఆ పని చూడాలి.